ఉత్సవమునకు వీధి నిచ్చువా రెవరు?

ఎవరి కర్మను వారే అనుభవింపవలెను గాని, తండ్రి కర్మ కుమారునకు గాని, యజమాని కర్మ గుమాస్తాకు గాని బదిలీ కానేరదని మన పెద్దలు చెప్పుదురు. ఒకరు ఉపవాసముండిన వేరొకరికి నిర్జర కలుగదు. సామాయికమునకు 48 నిమిషములు నిశ్చలముగా కూర్చుండుటకు ఒక చిన్న ఆసనము చాలును. మేళతాళములతో పని లేదు. మోక్షమార్గ మింత ఒంటరి మార్గమై యుండగా, ఏటేటా మనము పందిళ్లు వేయుట, రథము కట్టుట, బాజాభజంత్రీలతో బజారు వీధి వెంట నడచుట ఎందులకు? ఇంటిలోని పిల్లవాడు ఈ ప్రశ్న అడిగినచో చాలమంది పెద్దలు "ఆచారము నాయనా" అని తప్పించుకొందురు. ఆ సమాధానము చాలదు. పిల్లవానికి చాలకపోవుట అటుండగా, మనకే చాలదు.

జనులు కూడుటవలన కలుగు మొదటి ప్రయోజనము కన్నులకు కనబడునదే. వ్యాపారము మనలను చెదరగొట్టినది. బరంపురమున ఒక కుటుంబము, షోలాపురమున ఒక కుటుంబము, హోసూరులో రెండు దుకాణములు, యానాములో ఒక ఇల్లు అన్నట్లుగా బ్రతుకువారికి ఏడాది కొకమారు ఒకచోట చేరి తలలు లెక్కించుకొనుట అవసరము. ఎవరింట పెండ్లి యీడు పిల్ల యున్నది, ఎవరి కుమారుడు చదువు ముగించి పని వెదకుచున్నాడు, ఏ ముసలమ్మ ఈ యేడు రాలేదు, ఎందుచేత రాలేదు, ఇవన్నియు పందిటిలోనే తెలియును. మహారాజ్‌గారి ప్రవచనము సాగుచుండగా వెనుక వరుసలలో సంబంధముల ముచ్చట కూడ సాగుచుండుట అందరు నెరిగినదే. కొందరు దానిని అపచారమందురు, నే నట్లనుకొనను. సమవసరణమును వర్ణించునప్పుడు మన గ్రంథములు ధర్మశ్రవణముతో పాటు మరియొక విశేషమును తప్పక చెప్పును. సహజవైరము గల పులియు లేడియు అచ్చట ప్రక్కప్రక్కన కూర్చుండెను. ఎవరి ప్రక్కన ఎవరు కూర్చుండిరి అనునది కూడ ధర్మమునకు సంబంధించిన విషయమే యని దీని భావము.

రెండవ ప్రయోజన మింత అమాయకమైనది కాదు. జనము కూడిన చోట అధికారము తన ముఖము చూపదలచును. ఈ సంగతిని మన దేశమున రాజు లెంత ముందుగా గ్రహించిరో తెలిసికొనవలె ననిన, కర్నూలు జిల్లాలోని ఎఱ్ఱగుడికి గాని, గంజాం జిల్లాలో ఋషికుల్యా నదీతీరమున గల జౌగడకు గాని వెళ్లి చూడవచ్చును. రెండు చోట్లను అశోకుని మొదటి శిలాశాసనము కలదు. నేడు మనము సంఘ మను అర్థమున వాడు "సమాజ" శబ్దము ఆ శాసనమున జనులు గుమిగూడి జరుపు వేడుక యను అర్థమున నున్నది. అట్టి సమాజములను జరుపరాదని, వానియందు రాజు అనేక దోషములను చూచుచున్నాడని, అయినను మంచివని రాజు తలచు సమాజములు కొన్ని కలవని అందు వ్రాయబడినది. దోషము లేవో శాసనము విప్పి చెప్పలేదు. కాని అదే శాసనమున బలిని నిషేధించుటయు, రాజు వంటశాలలో జరుగు జంతువధను తగ్గించి తుదకు మాన్పింతునని చెప్పుటయు నున్నవి గనుక, ఆ దోషములలో ఒకదానిని ఊహించుట కష్టము కాదు. ఏది మంచి వేడుక, ఏది చెడ్డ వేడుక యని నిర్ణయించు హక్కును రాజు తన చేతిలో నుంచుకొనెను. ఇది గమనింపదగినది.

తరువాతి కాలమున అదే కళింగమున ఖారవేలుడు రాజయ్యెను. ఆయన జైనుడు, ఉదయగిరిలోని హాథిగుంఫా శాసనము అర్హంతులకు, సిద్ధులకు నమస్కారముతోనే ఆరంభమగును. ఆ శాసనమున తన పాలనలోని మూడవ యేట ఆయన ఏమి చేసెనో చెప్పబడినది. సంగీతవిద్యలో నేర్పరియైన ఆ రాజు నృత్యములు, గీతములు, వాద్యములు ఏర్పాటు చేసి, ఉత్సవములు, సమాజములు జరిపించి నగరవాసులను సంతోషపెట్టెను. అశోకుడు ఏ మాటను వాడి వలదనెనో ఆ మాటనే ఖారవేలుడు వాడి, చేసితిననెను. మగధ చేతిలో ఓడిన దేశ మది. అట్టి దేశపు రాజు రాజధానిలో పాటయు ఆటయు జరిపించుట కేవలము వినోదము కొరకే యని నేను నమ్మను. మన మింకను ఉన్నాము, మన కొక రాజున్నాడు అని జనులకు తెలియజేయుట అందలి ఆంతర్యము. నందరాజు ఎత్తుకొనిపోయిన కళింగజినుని తిరిగి తెచ్చితినని కూడ అదే శాసనము చెప్పును. పోయిన దానిని వాపసు తెచ్చిన దినమున ఊరంతయు బయటికి వచ్చి చూడకున్నచో, తెచ్చినట్లు ఎవరికి తెలియును? అయితే శాసనము చివరిలో ఆయన తన్ను గూర్చి చెప్పుకొన్న బిరుదములలో రెంటిని మనవారు తరచు చదువక విడిచిపెట్టుదురు. సర్వమతములను పూజించువాడు ననియు, సర్వదేవాలయములను బాగుచేయించినవాడు ననియు ఆ రెండు బిరుదములు. తన జినుని ఊరేగించిన చేతితోనే ఇతరుల గోడలకు గార పెట్టించెను.

విజయనగరపు మహానవమి మరియొక రకము. శ్రీకృష్ణదేవరాయల కాలమున వచ్చిన పేయస్, ఆ పిమ్మట వచ్చిన నూనిజ్ అను పోర్చుగీసువా రిద్దరును ఆ తొమ్మిది దినముల వైభవమును వ్రాసిరి. ఏనుగులు, గుఱ్ఱములు, మల్లయుద్ధములు, బాణసంచా, సైన్యపు కవాతు, అన్నియు నందు కలవు. మన వర్తకులకు రుచించునది నూనిజ్ వ్రాసిన వేరొక మాట. రాజ్యమున నలుమూలల నుండి నాయకులు రాజునకు చెల్లింపవలసిన సొమ్ము ఆ తొమ్మిది దినములలోనే చెల్లుచుండెనట. దీపావళినాడు మనము క్రొత్త ఖాతా పుస్తకమునకు పూజచేసి పాత లెక్క మూసినట్లే, అది రాజ్యపు లెక్క మూయు పండుగ. రాని నాయకుని గూర్చి రాజు వేగులవారిని పంపి విచారింప నక్కరలేదు. ఖాళీగా నున్న అతని చోటే చెప్పును. పండుగ పేరు దేవిది, పద్దు రాజుది.

ఇంతవరకు చెప్పినదంతయు పైనుండి క్రిందికి వచ్చు ఉత్సవము. ఇకను, నా మట్టుకు నేను మన సంఘమునకు అన్నిటికంటె ముఖ్య మనుకొను శాసనమునకు వత్తును. అది శ్రవణబెళగొళలో నున్నది. శక సంవత్సరము 1290, అనగా క్రీ.శ. 1368 నాటిది. మొదటి బుక్కరాయల పాలన. ఆనెగొంది, హొసపట్టణము, పెనుగొండ, కల్లెహపట్టణము మొదలుగాగల నాడులలోని భవ్యులు, అనగా జైనులు, భక్తులు తమకు చేయుచున్న అన్యాయమును గూర్చి రాయలకు మొరపెట్టుకొనిరి. భక్తు లనగా శ్రీవైష్ణవులు. ఈ పెనుగొండ మన రాయలసీమ పెనుకొండయే.

తగవు దేనిని గూర్చి? తీర్పును బట్టి చూడగా ఆత్మ యెట్టిది, ముక్తి యెట్టిది అను వాదమును గూర్చి కాదు. పంచమహావాద్యములను గూర్చి, కలశమును గూర్చి. జైనదర్శనమునకు పూర్వమర్యాద ప్రకారము పంచమహావాద్యములును కలశమును చెల్లునని రాయలు తీర్పు చెప్పెను. మనము మన బసదిలో తలుపులు మూసికొని ఎంతటి తత్త్వమును చెప్పుకొన్నను పొరుగువానికి పట్టదు. భేరి మ్రోగించుచు బయటికి వచ్చినప్పుడే తగవు పుట్టును. ఏలయన ఆ మ్రోత ఒక మాట చెప్పుచున్నది: ఈ ఊరిలో మే మొక లెక్కలోనివారము. ఆ మాటను పొరుగువాడు ఒప్పుకొనునా లేదా యనునదే తగవు. ఉత్సవమునకు గల రాజకీయ ప్రయోజన మంతయు ఇందులోనే యున్నది. మన కొక ఉనికి గల దని ఇతరులచేత ఒప్పించుట.

ఆ యొప్పుకోలు ఎట్లు సంపాదింపబడినదో చూడుడు. రాయలు సైనికులను పంపి వాద్యములు మ్రోగించి యుండవచ్చును. అది ఒక దినము సాగును. సైనికులు వెళ్లిన మరునాడు మరల మొదటికి వచ్చును. ఆయన శ్రీరంగము, తిరుమల, కంచి, మేలుకోట మొదలైన క్షేత్రముల ఆచార్యులను, పదునెనిమిది నాడుల శ్రీవైష్ణవులను రప్పించి, జైనుల చేతిని వైష్ణవుల చేతిలో పెట్టించెను. వైష్ణవదర్శనమునకును జైనదర్శనమునకును భేదము లేదని, జైనదర్శనమునకు హాని గాని వృద్ధి గాని కలిగినచో వైష్ణవులు దానిని తమ దానినిగా ఎంచవలెనని నిర్ణయించి, ఆ శాసనమును రాజ్యములోని బసదులన్నిటియందు వేయించుమని వారికే అప్పగించెను. మాగడి తాలూకాలోని కల్య గ్రామమున నేటికిని దాని ప్రతి యొకటి యున్నది.

రెండవ ఏర్పాటు ఇంకను ఆశ్చర్యకరము. రాజ్యములోని జైనుల ఇండ్ల నుండి ఏటికి ఇంటికి ఒక హణము చొప్పున వసూలు చేసి, బెళగొళ స్వామి రక్షణకై ఇరువదిమంది సేవకులను నియమించి, మిగిలిన సొమ్ముతో జీర్ణమైన జినాలయములకు సున్నము వేయించు బాధ్యతను ఎవరు వహించిరి? తిరుమల తాతయ్య, అనగా ఒక వైష్ణవాచార్యుడు! జైనుల సమ్మతితోనే సుమా. సొమ్ము మనది, కాపలా వారిది. నిన్నటివరకు ఎవరివలన భయమో వారి చేతికే తాళము చెవి యిచ్చిరి. దీనిని లొంగుబా టనువారున్నారు. బలహీనుడు బలవంతునకు రక్షణ కొరకు సొమ్ము కట్టుట తప్ప ఇం దేమున్నదని వారి యాక్షేపణ. ఆ యాక్షేపణలో కొంత నిజము కలదు. సంఖ్యాబలము ఎవరి వైపున నుండెనో ఎవరికిని తెలియనిది కాదు. కాని రక్షణబాధ్యతను శాసనమున శిలాక్షరములతో ఒప్పుకొన్నవాడు దానిని చెడగొట్టినచో చెడునది వాని పరువే. వర్తకులకు దీనిని వేరుగా వివరింప నవసరము లేదు. జామీను నిలిచినవాడు బాకీదారునకంటె జాగ్రత్తగా నుండును.

ఇంత పని జరిపించినవాడు ఆచార్యుడును కాడు, దండనాయకుడును కాడు. కల్లెహకు చెందిన బుసువిసెట్టి యను వర్తకుడు రాయలకు విన్నవించి, తిరుమల తాతయ్యను రప్పించి, జీర్ణోద్ధారము చేయించెను. ఉభయసమయముల వారును కలిసి ఆయనకు "సంఘనాయక" బిరుదము నిచ్చిరి. వేరొక మతమువారు కూడ చేరి ఇచ్చిన సంఘనాయక పదవి! మన సంఘములలో నేడు ఆ పదవికి పోటీచేయువారు ఒక్కమారు ఆలోచింతురు గాక.

ఇదే ఉత్సవసాధనము వేరొక విధముగా పనిచేసిన సందర్భము మహారాష్ట్రమున గల మనవారికి బాగుగా తెలియును. 1893లో లోకమాన్య తిలకు గణపతి పూజను ఇండ్ల నుండి వీధిలోనికి తెచ్చుటకు పూనుకొనెను. రాజకీయసభలను అనుమానించు తెల్లదొరతనము మతోత్సవముల జోలికి పోవుటకు జంకును గనుక, ఆ పందిళ్లలో దేశభక్తి ప్రబోధము సాగెను. అది దేశమునకు చేసిన మేలు సామాన్యము కాదు. కాని అదే సంవత్సరము ఆగస్టులో బొంబాయిలో హిందూ ముస్లిము కలహములు జరిగియుండెను. అంతకుముందు మొహర్రము తాబూతుల వెంట నడచుచుండిన హిందువులు ఇకపై అటు పోరాదని 1894 నాటి మేళముల పాటలు బోధించెను. ఒక పందిరి జనులను కలిపెను. కలుపుచునే మరియొక పందిటి నుండి తీసివేసెను. కూడుట యను దానిలో ఈ అపాయ మెప్పుడును ఉండును. "మనము" అను మాటకు గిరి గీసినప్పుడు బయట నిలుచువాడు ఎవడో యొకడు తప్పక యుండును.

ఇక మన యింటి సంగతి. పర్యుషణ దినములలో కబేళాలు మూయవలెనని మనవారు ప్రభుత్వములను కోరుచుండుట క్రొత్త కాదు. 1583లో హీరవిజయసూరి మహారాజు ఫతేపూరు సిక్రీలో అక్బరును దర్శించిన పిమ్మట ఆ దినములలో జీవహింస కూడదని ఫర్మానా వెలువడినది. అహమ్మదాబాదు నగరపాలక సంస్థ పర్యుషణమున 9 దినములు కబేళాలు మూయించుటను 2008లో సుప్రీంకోర్టు సమర్థించినది. స్వల్పకాలపు నిర్బంధము గనుక అది అసమంజసము కాదని తీర్పు చెప్పినది. 2015లో ముంబయి ప్రాంతమున అట్టి నిషేధము పెట్టగా పెద్ద వివాదము చెలరేగి, కొన్ని రాజకీయపక్షములవారు నిరసనగా వీధిలోనే మాంసము అమ్మిరి. చట్టమున మనకు చోటున్నది. అయితే చోటున్నదంతయు ఆక్రమింపవలెనా యనునది ధర్మవిచారము.

నా అభిప్రాయము కొందరికి నచ్చకపోవచ్చును. ఆ తొమ్మిది దినములు ఒక ప్రాణి యైనను బ్రతికిన మేలే గదా యని అడుగువారి కరుణను నేను తేలికగా చూడను. అది మన మతపు ప్రాణము. కాని హీరవిజయసూరి ఫతేపూరునకు కాలినడకను పోయెను. ఆయన ఉపదేశమునకు చక్రవర్తి మనసు మారెను. పిదప ఫర్మానా వచ్చెను. మనము మనసు మార్చు పనిని విడిచి నేరుగా ఫర్మానానే కోరుచున్నాము. కసాయివీధిలో దినకూలికి బ్రతుకువానికి తొమ్మిది దినముల కూలి పోయినప్పుడు అతనికి అహింస యెడల గౌరవము కలుగునా, మన దుకాణము యెడల కోపము కలుగునా? అతని మనస్సులో పుట్టిన ద్వేషమునకు నిమిత్తమైనందున మనకు బంధ మేమియు లేదా? 2015లో వీధిని పడి మాంసము అమ్మినవారి ప్రవర్తన మెచ్చదగినది కాదు. అయినను ఆ దినమున పర్యుషణము ఊరిలో ఏమి చూపినదో చూడుడు: క్షమను కాదు, బలాబలములను. సంవత్సరి నాడు సభలో వేయిమంది ఒక్కసారి "మిచ్ఛామి దుక్కడం" అనుట శోభాయమానమే. ఆ మాట దావా వేసిన తమ్మునికి, జీతము బిగపట్టిన గుమాస్తాకు, కూలి పోయిన కసాయివానికి చేరినదా? సభలో అందరికి చెప్పిన క్షమాపణ ఒక్కొక్కప్పుడు ఎవరికిని చెప్పని దానితో సమానము.

1981లో బాహుబలి విగ్రహపు సహస్రాబ్ది మహామస్తకాభిషేకమునకు ప్రధానమంత్రి ఇందిరాగాంధీ హెలికాప్టరు నుండి పూలు కురిపించిరి. మనవారు నేటికిని గర్వముతో చెప్పుకొందురు, చెప్పుకొనవచ్చును. ఆ పూలు ఆకాశము నుండి వచ్చినవి. 1368లో చేతిలో పడిన చేయి ప్రక్క వీధి నుండి వచ్చినది. ఏది సంపాదించుట కష్టమో ప్రతి ఊరిలో ఉత్సవము నడిపినవారికి తెలియును.

బోలీలను గూర్చి కూడ చెప్పక తప్పదు. మొదటి అభిషేకమునకు, హారతికి, స్వప్నములను దించుటకు పాట పెట్టుట మన కలవాటు. దీనివలన లాభమున్నది: దానము నలుగురి యెదుట చెప్పబడును, పద్దులో వ్రాయబడును, వసూలగును. రహస్యదానము గొప్పదే కాని దానితో శిఖరము లేవదు. అయితే నిరుడు గట్టిగా పాడినవాడు ఈ యేడు వ్యాపారము దెబ్బతిని ఇంటిలోనే కూర్చుండుటను మీరు చూచియుండరా? దేవద్రవ్యముగా చేరిన సొమ్ము ఆలయమునకే గాని అతని పిల్లవాని చదువునకు రాదు, రాకూడదు కూడ. సాధారణ ద్రవ్యమునకు పాట పాడువారు తక్కువ. సాధర్మికవాత్సల్య భోజనమున అందరము ఒకే పంక్తిని కూర్చుండి లేచినంతమాత్రమున ఈ లోటు తీరదు. పాట ముగిసిన గంటకు భోజనము. పంక్తిలో కూడ ఎవరెంత పాడిరో అందరి మనస్సున నుండును.

అందుచేతనే ఆ యొక్క హణము నన్ను విడువదు. ఇంటికి ఒక హణము. మేడ యున్నవానికిని ఒకటే, పూరిల్లు గలవానికిని ఒకటే. ఎవని శక్తిని బట్టి వానికి కాదు, ఎవని గుమ్మమును బట్టి వానికి. ఆ సొమ్ముతో నిలిచిన ఇరువదిమంది సేవకులను చూచినప్పుడు ప్రతి కుటుంబమును "ఇందులో మా హణమున్నది" అని యనుకొని యుండును. ఊరిలో మన లెక్క యెంత యని పొరుగువానిచేత ఒప్పించుటకు ముందు, మనలో ప్రతి గుమ్మమును లెక్కలోనికి వచ్చినది.

బోలీలను ఎత్తివేయుమని నే ననను. అనినను వినువా రుండరు. రాబోవు ఉత్సవపు పద్దులో మొదటి పుటను గుమ్మపు చందాకు విడిచి, ఆ మొత్తమును అతి పేద కుటుంబము కష్టపడక ఇయ్యగలిగినంతలో నిర్ణయించి, మొదటి కలశమును పాటకు పెట్టక ఆ పుటలోని పేర్లలో చీటి తీసి వచ్చిన ఇంటికి ఇయ్యవచ్చును. ఊరేగింపు ఏయే వీధుల మీదుగా పోవునో ఆ చీటీని పోలీసు ఠాణాలో ఇచ్చుటకు ముందు, మన పెద్ద లిద్దరు ఆ వీధుల పెద్దల ఇండ్లకు, మసీదు వీధికిని కసాయివీధికిని కూడ, నడచి వెళ్లి ఏ దినమున ఏ వేళకు వత్తుమో చెప్పి, ఆ వేళ వారికి అనుకూలమా యని అడిగి రావచ్చును. అనుకూలము కాదనినచో వేళ మార్చుకొనవచ్చును. దీనికి చందా అవసరము లేదు. ఒక సాయంకాలము, దుకాణము కట్టిన తరువాత, రెండు గంటలు పట్టును.